కారెల్ జెమన్ సినిమాలు: మీ ఇంట్లో ముందు ఏది వేయాలి?

మా చిన్నమ్మాయికి ఏడేళ్ళప్పుడు ఒక ఆదివారం, మధ్యాహ్నం భోజనాలయ్యాక చెక్ దర్శకుడు కారెల్ జెమన్ తీసిన ‘జర్నీ టు ద బిగినింగ్ ఆఫ్ టైమ్’ వేశాను. నలుగురు అబ్బాయిలు పడవలో ఒక నది వెంట వెళుతుంటారు. పడవ ముందుకు పోయేకొద్దీ కాలం వెనక్కి పోతుంటుంది. ఒకచోట స్టెగోసారస్‌కీ ఒక వేటాడే డైనోసార్‌కీ పోరు జరుగుతుంది. స్టెగోసారస్ చచ్చిపోతుంది. వేరే సినిమా అయితే ఆ సీన్ అక్కడితో అయిపోయేది. ఇక్కడ మాత్రం పిల్లలు ఆ కళేబరం దగ్గరికి వెళతారు, దాని మీదికి ఎక్కుతారు, వెన్ను మీది పలకలను దగ్గరగా పరిశీలిస్తారు.

“ఆపు నాన్నా” అంది మా పాప. ఆపాను. వాళ్ళ నానమ్మ కుట్టుమిషన్ దగ్గరున్న టేపు తెచ్చుకుని, “అదెంత పొడుగుంటుంది?” అని అడిగింది. బాగా పెద్దదైతే 9 మీటర్ల దాకా ఉండొచ్చని చెప్పాను. హాలు కొలిచింది, చాలలేదు. హాలూ వంటగదీ కలిపి కొలిచింది, అప్పటికీ మూడడుగులు తక్కువొచ్చింది. సినిమా మళ్ళీ మొదలయ్యేసరికి అరగంట పట్టింది.

ఆ ఉత్సాహం చూసి మరుసటి వారమే జెమన్ సినిమాల్లో అందరూ ముందుగా చెప్పే ‘ఇన్వెన్షన్ ఫర్ డిస్ట్రక్షన్’ వేశాను. ఇరవై నిమిషాలు కూడా కూర్చోలేదు, లేచి వెళ్ళిపోయింది. తప్పు సినిమాది కాదు, పిల్లదీ కాదు. వరస తప్పింది, అంతే. అదే సినిమా మూడేళ్ళ తర్వాత మొదటినుంచి చివరిదాకా చూసి, జలాంతర్గామి సీన్ రెండోసారి పెట్టించుకుంది.

కారెల్ జెమన్ ఒకే రకం సినిమాలు తీసిన మనిషి కాదు. బొమ్మలాటతో మొదలుపెట్టాడు. గాజు బొమ్మలతో తీశాడు. మనుషుల్నీ గీసిన చిత్రాల్నీ ఒకే ఫ్రేములో కలిపాడు. చివర్లో కాగితం కత్తిరింపులతో తీశాడు. అందుకే “జెమన్ సినిమా ఒకటి చూశాం, అంతగా నచ్చలేదు” అని ఎవరైనా అంటే నాకు బాధేస్తుంది. ఆ ఒక్కటీ ఏదో తెలిస్తే, మీకు నచ్చేది ఇంకోటి ఉందని చెప్పాలనిపిస్తుంది. ఇప్పుడు ఆ పనే చేస్తున్నాను.

ఎవరీయన

జెమన్ 1910 నవంబరు 3న బొహీమియాలోని ఓస్ట్రొమ్యెర్జ్ అనే ఊళ్ళో పుట్టాడు. అప్పటికది ఆస్ట్రియా-హంగరీ సామ్రాజ్యం కింద ఉండేది. ఫ్రాన్సులో ప్రకటనల పని నేర్చుకున్నాడు, అక్కడే కొన్నాళ్ళు చేశాడు. తర్వాత తిరిగొచ్చి బ్ర్నో నగరంలో బాటా కంపెనీ ప్రచార విభాగంలో చేరాడు. అవును, మనం బడికి వేసుకెళ్ళిన బూట్ల బాటాయే. ఆ కంపెనీ పుట్టింది చెక్ దేశంలోని జ్లిన్‌లో. ప్రకటన చిత్రాలు తీయడానికి బాటా వాళ్ళు ఆ ఊళ్ళోనే స్టూడియో పెట్టారు. జెమన్ షాపు అద్దాల వెనక సరుకు అలంకరించే తీరు చూసి, ఎల్మార్ క్లోస్ అనే సినిమా మనిషి ఆయన్ను ఆ స్టూడియోకి పిలిచాడు. అలా 1943లో జ్లిన్ చేరి, బొమ్మల సినిమాలు తీసే హెర్మీనా టీర్లోవా దగ్గర సహాయకుడిగా పని మొదలుపెట్టాడు. ఆ ఊరు వదల్లేదు. 1989 ఏప్రిల్ 5న అక్కడే చనిపోయాడు.

షాపు అద్దం వెనక బొమ్మలు పేర్చిన చెయ్యి అని గుర్తుపెట్టుకుంటే ఆయన ఫ్రేములు ఇంకా బాగా అర్థమవుతాయి. ముందు ఒక వస్తువు, వెనక ఒక మనిషి, ఇంకా వెనక గీసిన కొండ. లోతంతా అలా పొరలు పొరలుగా వస్తుంది.

ఎంచుకోవడానికి ఒక కిటుకు

వయసు, నిడివి, కథ, అన్నీ చూడాల్సినవే. కానీ జెమన్ విషయంలో వాటికంటే ముందు చూడాల్సింది ఇంకోటుంది. ఆయన పెద్ద సినిమాల్లో ఒక్కోటీ ఒక్కో రకం పాత బొమ్మల్లోంచి పుట్టింది. ఆ బొమ్మలు మీకు నచ్చితే సినిమా నచ్చుతుంది.

చందమామ చదివి పెరిగినవాళ్ళకు ఈ సంగతి ఎక్కువ చెప్పక్కర్లేదు. బేతాళ కథ మొదట్లో శంకర్ గారు వేసిన బొమ్మ తలుచుకోండి. భుజాన శవం, చేతిలో కత్తి, వెనక్కి తిరిగి చూస్తున్న విక్రమార్కుడు. ఆ బొమ్మలో రాజు నడవడం మొదలుపెడితే ఎలా ఉంటుంది? మామూలు దర్శకుడైతే ఒక నటుడికి ఆ వేషం కట్టి శ్మశానంలో నడిపిస్తాడు. జెమన్ అయితే ఆ నటుణ్ణి శంకర్ గారి గీతల్లోకే పంపేవాడు. చెట్టూ మబ్బూ శవమూ అన్నీ ఆ కలం గీసినట్టే ఉంటాయి, మధ్యలో మనిషి మాత్రం ఊపిరి తీస్తుంటాడు.

మనకు ‘మాయాబజార్’ వచ్చింది 1957లో. జెమన్ ‘ఇన్వెన్షన్ ఫర్ డిస్ట్రక్షన్’ ఆ మరుసటి ఏడు వచ్చింది. రెండింటిలోనూ కంప్యూటర్ లేదు, ఉన్నది కెమెరా, ఓపిక, చేతిపని. కానీ ‘మాయాబజార్’ ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్‌లీ లడ్డూలను ఘటోత్కచుడి నోట్లోకి పంపినప్పుడు అది నిజంగా జరుగుతోందని మనం నమ్మాలి. జెమన్‌కు అది సరిపోదు. ఇది బొమ్మ అని మనకు తెలుస్తూనే ఉండాలి, తెలిసీ నమ్మాలి. ఆ పద్ధతి మనకు ఎక్కుతుందా లేదా అన్నదే అసలు ప్రశ్న.

ప్రధానంగా పోటీ ఈ మూడింటి మధ్య

‘జర్నీ టు ద బిగినింగ్ ఆఫ్ టైమ్’ (1955) వెనక ఉన్నవి జ్దెన్యెక్ బురియన్ చిత్రాలు. బురియన్ గొప్ప చెక్ చిత్రకారుడు. మనుషులెవరూ చూడని కాలాన్ని, మామత్‌లనీ డైనోసార్లనీ, పక్కనే కూర్చుని గీసినట్టు గీశాడు. మూడింటిలో ఇదొక్కటే చూడ్డానికి మామూలు రంగుల సినిమాలా ఉంటుంది. నదీ, గడ్డీ, ఎండా నిజమైనవే. వాటి మధ్య కదిలే జంతువులు మాత్రం చేతితో ఒక్కో ఫ్రేముకీ కదిపిన బొమ్మలు. కథ చాలా చిన్నది. జిర్కా అనే చిన్నవాడి దగ్గర ట్రైలోబైట్ అనే ప్రాచీన సముద్రజీవి శిలాజం ఒకటి ఉంటుంది. అది ప్రాణంతో ఎలా ఉండేదో చూడాలని వాడి కోరిక. ఆ కోరిక కోసమే ప్రయాణం. ముందు మంచుయుగం, తర్వాత ఎత్తైన పక్షులు, డైనోసార్లు, బొగ్గుగా మారబోయే అడవి, ఆ తర్వాత ఆదిమ సముద్రం.

దీని బలం ఏమిటంటే పిల్లల్ని పిల్లల్లా చూస్తుంది. విలన్ లేడు, ప్రపంచాన్ని కాపాడే పనీ లేదు. దారిలో చూసిందల్లా నోట్‌బుక్‌లో రాసుకోవడమే వాళ్ళ పని. ఆరేళ్ళ నుంచి పదేళ్ళ వరకు పిల్లలున్న ఇంట్లో ముందు ఇదే వేయండి. దీని లోటు కూడా చెప్పాలి. ఈ సినిమా తీశాక శాస్త్రం చాలా ముందుకు పోయింది, డైనోసార్లు నడిచే తీరు, తోకల తీరు ఇప్పటి పుస్తకాల్లో వేరుగా ఉంటాయి. డైనోసార్ల మీద పిచ్చి ఉన్న పిల్లలు తప్పులు పట్టుకుంటారు. పట్టుకోనివ్వండి, ఆ మాటలు కూడా సినిమాలో భాగమే. పెద్దవాళ్ళు ఒంటరిగా కూర్చుని చూస్తే మాత్రం మధ్యలో పాఠం వింటున్నట్టు అనిపించవచ్చు.

‘ఇన్వెన్షన్ ఫర్ డిస్ట్రక్షన్’ (1958) ఫ్రెంచి రచయిత జూల్స్ వెర్న్ 1896లో రాసిన ఒక నవల ఆధారంగా తీసింది. అందులో కథ ముఖ్యమే కానీ, జెమన్ కళ్ళు ఉన్నది ఆ కాలపు వెర్న్ పుస్తకాల్లోని చెక్కడపు బొమ్మల మీద. ఎడ్వార్ రియూ, లియోన్ బెనెట్ లాంటి వాళ్ళు వేసిన నల్లటి సన్నగీతల బొమ్మలవి. ఆ గీతలనే సినిమా నిండా పరిచాడు. గోడల మీద గీతలు, ఓడల మీద గీతలు, నటుల కోట్ల మీద కూడా గీతలు. అలల మీదా ఆకాశం మీదా అవే. ఒక గది సీన్ దగ్గర ఆపి చూడండి. కుర్చీ నిజమైనది, దాని పక్కన బీరువా గీసినది, రెండింటి మీదా నీడ ఒకేలా పడుతుంది. ఏది చెక్క, ఏది కాగితం అన్నది ఎంతసేపు చూసినా తేలదు.

కథలో ప్రొఫెసర్ రోష్ అనే శాస్త్రవేత్త మహా శక్తి గల పేలుడు పదార్థం తయారుచేస్తుంటాడు. ఆర్టిగాస్ అనే కౌంట్ ఆయన్నీ, సహాయకుడు ఇంజనీర్ హార్ట్‌నీ ఎత్తుకుపోయి, ఒక అగ్నిపర్వతం లోపల రహస్యంగా పని చేయిస్తాడు. రోష్‌కు డబ్బిస్తారు, ల్యాబు ఇస్తారు. తన పని ఎవరి చేతిలో పడుతుందో ఆయన అడగడు. హిరోషిమా జరిగి పదమూడేళ్ళయిన కాలంలో వచ్చిన సినిమా ఇది. పాతకాలపు గీతల వెనక ఉన్న ఆ భయం నాకు చూసిన ప్రతిసారీ తగులుతుంది. 1958లో బ్రసెల్స్‌లో జరిగిన ప్రపంచ ప్రదర్శన సందర్భంగా పెట్టిన చిత్రోత్సవంలో దీనికి గ్రాండ్ ప్రి వచ్చింది.

అంత గొప్ప సినిమాను మొదట వేయొద్దని ఎందుకంటున్నానంటే, ఇందులో నటులు పెద్దగా చలించరు. పుస్తకంలోని బొమ్మ ఎలా నిలబడుతుందో అలా నిలబడతారు, మాటలు మెల్లగా వస్తాయి. జెమన్ కావాలనే అలా చేయించాడు. గీతల మధ్య ఇంకోలా నటిస్తే మనిషి ఆ బొమ్మలోంచి ఊడిపడినట్టు ఉండేది. ఆ సంగతి పెద్దవాళ్ళకు చెబితే అర్థమవుతుంది, ఏడేళ్ళ పిల్లకు విసుగొస్తుంది. పైగా నలుపు తెలుపు. ఇంట్లో కౌమారంలో ఉన్నవాళ్ళుంటే, బొమ్మలేసే అలవాటున్నవాళ్ళుంటే, ఇంజనీరింగ్ చదివే కుర్రాడుంటే ఇది ముందు వేయండి. తొక్కుడు పెడళ్ళతో ఎగిరే యంత్రాలూ ఆ జలాంతర్గామీ వాళ్ళని కదలనివ్వవు.

‘ద ఫాబ్యులస్ బారన్ మున్‌చౌజెన్’ (1962) ఫ్రెంచి చిత్రకారుడు గుస్తావ్ దోరే బొమ్మల సినిమా. గొప్పలు చెప్పుకునే బారన్ మున్‌చౌజెన్ అనే జర్మన్ ప్రభువు కథలకు దోరే 1862లో బొమ్మలు వేశాడు, సరిగ్గా నూరేళ్ళకు జెమన్ సినిమా వచ్చింది. టోనీక్ అనే వ్యోమగామి చంద్రుడి మీద దిగి, తానే మొదటివాణ్ణనుకుంటాడు. కిందికి చూస్తే అప్పటికే అక్కడ అడుగుజాడలు ఉంటాయి. కాస్త ముందుకెళితే వెర్న్ నవలలోని చంద్రయాత్రికులూ, చంద్రయాత్ర కథ రాసిన పాత ఫ్రెంచి రచయిత సిరానో డి బెర్జెరాక్, వాళ్ళతో బారన్ విందు చేసుకుంటూ కనిపిస్తారు. ఈ కుర్రాణ్ణి చంద్రుడి మనిషి అనుకుని బారన్ భూమికి తీసుకొస్తాడు. అక్కడినుంచి టర్కీ సుల్తాన్ కోట, బియాంకా రాకుమారి, గుర్రాల మీద తరుముకొచ్చే సైన్యం, ఓడల్ని మింగే చేప, ఫిరంగి గుండు మీద స్వారీ.

రంగుల సంగతి ప్రత్యేకంగా చెప్పాలి. ఇది మామూలు కలర్ సినిమా కాదు. ఒక్కో సీన్‌కు ఒక్కో రంగు పూత పూసినట్టు ఉంటుంది, ఒకచోట పసుపు, ఒకచోట నీలం. సుల్తాన్ సైన్యం తరిమే సీన్‌లో ఆకాశం నిండా ఎర్రటి పొగ విచ్చుకుంటూ పోతుంది. జ్దెన్యెక్ లిష్కా సంగీతం, ఆ పొగా కలిసి వచ్చే ఆ కాసేపు నేను మొత్తం జెమన్ సినిమాల్లో దేన్తోనూ పోల్చలేను. ఆ ఒక్క సీన్ కోసం ఇంట్లో లైట్లన్నీ ఆర్పేసి పెద్ద తెర మీద చూడండి.

గగారిన్ అంతరిక్షంలోకి వెళ్ళింది 1961 ఏప్రిల్‌లో. ఊళ్ళన్నీ రాకెట్ల గురించి మాట్లాడుకుంటున్న ఆ రోజుల్లోనే జెమన్ శాస్త్రవేత్తనీ కల్పనలవాణ్ణీ పక్కపక్కన నడిపించాడు, ఏ ఒక్కరినీ చిన్నబుచ్చలేదు. మిలోష్ కొపెట్స్కీ బారన్‌గా చేశాడు. జెమన్ సినిమాల్లో నటన కోసం చూడదగ్గది ఏదైనా ఉంటే ఇదే. టెర్రీ గిలియం 1988లో ఇదే బారన్ మీద సినిమా తీశాడు, జెమన్ తనకు దారి చూపాడని బాహాటంగానే చెప్పాడు.

మూడింటిలో ఒక్కటే చూసే వీలుందని పెద్దవాళ్ళెవరైనా అడిగితే నా జవాబు బారన్. ‘ఇన్వెన్షన్’ కంటే గొప్పదని అనడం లేదు. పనితనంలో ‘ఇన్వెన్షన్’ ఒక మెట్టు పైనే ఉంటుంది. కానీ జెమన్ నవ్వు, జెమన్ ప్రేమ, జెమన్ వెన్నెల మూడూ ఒకచోట దొరికేది బారన్‌లోనే. ఎనిమిదేళ్ళు దాటిన పిల్లలు కూడా హాయిగా చూస్తారు.

వీటి తర్వాత

‘ఎ జెస్టర్స్ టేల్’ (1964) ఎక్కువమంది దాటేసే సినిమా. యూరప్‌ను ముప్పై ఏళ్ళు కాల్చిన మతయుద్ధం నేపథ్యం. పొలం దున్నుకునే పేతర్‌ను సైన్యంలోకి లాక్కుపోతారు. ఏ జెండా కింద ఉంటే ప్రాణం దక్కుతుందో ఆ జెండా కిందికి మారుతూ బతకడమే అతని పని. గాలి ఎటు వీస్తే యుద్ధం అటు తిరుగుతుంది, ఆ గాలికి మబ్బులో ఒక ముఖం కూడా ఉంటుంది. ఇక్కడ బొమ్మల ఆధారం 17వ శతాబ్దపు మాథ్యూస్ మేరియన్ చెక్కడాలు. శాన్‌ఫ్రాన్సిస్కో చిత్రోత్సవంలో దీనికి బహుమతి వచ్చింది. పిల్లల సినిమా అని పక్కన పెట్టొద్దు. రాజుల గొడవల్లో రైతు ఏమవుతాడన్న విషయం మన కథల్లో ఎంత చదివామో, అదే ఇక్కడ నవ్వుతూ నవ్విస్తూ చెబుతాడు. మీకు జెమన్ పిల్లల దర్శకుడన్న అనుమానం ఉంటే, నేరుగా దీనితోనే మొదలుపెట్టండి.

‘ద స్టోలెన్ ఎయిర్‌షిప్’ (1967), ‘ఆన్ ద కామెట్’ (1970) రెండూ మళ్ళీ వెర్న్ దారిలోవే. మొదటిది 1891 ప్రాగ్ ప్రదర్శనలో అయిదుగురు కుర్రాళ్ళు గాలి ఓడ ఎక్కేసి పారిపోయే కథ. రెండోదాంట్లో ఒక తోకచుక్క ఉత్తర ఆఫ్రికా ముక్కను ఊడబెరుక్కుని పోతుంది, దాని మీద మిగిలిన సైన్యాలు ఆకాశంలో కూడా తగవులాడుకుంటాయి. రెండూ సరదాగానే ఉంటాయి. కానీ పై మూడూ చూసినవాళ్ళకు ఇక్కడ కొత్తదనం తగ్గినట్టు తెలుస్తుంది. బారన్ నచ్చితే ‘కామెట్’, ‘జర్నీ’ నచ్చిన పిల్లలకు ‘ఎయిర్‌షిప్’ అని పెట్టుకుంటే చాలు.

1970ల్లో జెమన్ మనుషుల్ని వదిలేసి కాగితం కత్తిరింపులకు వెళ్ళిపోయాడు. ఇక్కడ ఎంపిక చాలా జాగ్రత్తగా చేయాలి, ఎందుకంటే పక్కపక్కనే ఉన్న రెండు సినిమాలు రెండు లోకాలు. సింద్‌బాద్ కథల సినిమా (1974) ఏడు చిన్న కథలుగా ఉంటుంది, చిన్నపిల్లలకు రోజుకొకటి చొప్పున చూపించవచ్చు. ‘క్రబాత్’ (1978) మాత్రం చిన్నపిల్లలకు అస్సలు వద్దు. ఒట్‌ఫ్రీడ్ ప్రాయ్‌స్లర్ నవల ఆధారం. దిక్కులేని కుర్రాడు ఒక పిండిమరలో పనికి చేరతాడు. ఆ మర యజమాని మాంత్రికుడు. పనివాళ్ళను కాకులుగా మారుస్తాడు. ఏటా ఒకడు చనిపోతుంటాడు. బాలనాగమ్మ కథలో మాయల ఫకీరు గుహ గురించి చిన్నప్పుడు విని దుప్పటి కప్పుకున్నవాళ్ళకు ఆ చలి మళ్ళీ వెన్నులోకి వస్తుంది. గంటంబావు నిడివి, ఎక్కడా అనవసరమైన మాట లేదు. పన్నెండేళ్ళు నిండాక చూపించండి. కత్తిరింపు బొమ్మల్లో ఇంత బరువు ఉంటుందని నాకు ఈ సినిమా చూసేదాకా తెలియదు.

సాయంత్రం గంట కూడా ఖాళీ లేదంటారా, ‘ఇన్‌స్పిరేషన్’ (1949) చూడండి, పావుగంట కూడా పట్టదు. గాజు బొమ్మలతో తీశాడు. మైనం, మట్టి, తీగతో చేసిన బొమ్మ అయితే చెయ్యి వంచితే వంగుతుంది. గాజు వంగదు, విరుగుతుంది. ఆ సంగతి మనసులో పెట్టుకుని నర్తకి కదలికలు చూడండి. అంతకుముందు తీసిన మిస్టర్ ప్రొకౌక్ బొమ్మల చిన్న సినిమాలు ఆ కాలపు చెక్ ప్రేక్షకులకు ఇంటి మనిషిలాంటివి. మనకు వాటిలో సగం ఛలోక్తులు అందవు, కాబట్టి వాటిని చివరికి ఉంచుకోవచ్చు.

ఒక హెచ్చరిక కూడా. చెక్ యానిమేషన్ అని వెతికితే యాన్ ష్వాంక్‌మాయర్ సినిమాలు కూడా పక్కనే వస్తాయి. గొప్ప కళాకారుడే, కానీ ఎండిన ఎముకలూ పచ్చిమాంసమూ కదిలే సినిమాలవి. పిల్లల్ని కూర్చోబెట్టి జెమన్ అనుకుని వాటిని వేయకండి.

ఏ ప్రింటు, ఏ భాష

సినిమా సరిగ్గా ఎంచుకుని ప్రింటు తప్పు ఎంచుకుంటే శ్రమ వృథా. ‘జర్నీ’కి అమెరికాలో 1966లో వేరే రూపం తయారుచేశారు. మొదట్లో కొత్త సీన్లు చేర్చి, పిల్లలు న్యూయార్క్ మ్యూజియంలో తిరుగుతున్నట్టు మొదలుపెట్టారు. మొదటి నిమిషాల్లో న్యూయార్క్ మ్యూజియం కనిపిస్తే అది జెమన్ తీసిన రూపం కాదని తెలుసుకుని ఆపేయండి. ‘ఇన్వెన్షన్’ కూడా అమెరికాలో 1961లో ‘ద ఫాబ్యులస్ వరల్డ్ ఆఫ్ జూల్స్ వెర్న్’ పేరుతో ఇంగ్లిష్ డబ్బింగ్‌తో వచ్చింది. పేరు వేరైనా సినిమా అదే, రెండూ కొనేయకండి.

పాత ప్రింట్లలో సన్నగీతలన్నీ కలిసిపోయి బూడిదరంగు మచ్చల్లా కనిపిస్తాయి. గీతలే సినిమా అయినప్పుడు ఇక మిగిలేదేముంది? శుభ్రం చేసిన ప్రింటే చూడాలి. పాత సినిమాలను డిస్కులుగా తెచ్చే క్రైటీరియన్ సంస్థ 2020లో ‘జర్నీ’, ‘ఇన్వెన్షన్’, బారన్ మూడింటినీ కొత్తగా శుభ్రం చేసిన ప్రింట్లతో ఒకే సెట్‌గా తెచ్చింది. డబ్బు పెట్టగలిగితే అదే సరైన ఎంపిక. అమెరికాలో ఉన్న తమ్ముడితోనో బావగారితోనో తెప్పించుకునేముందు మాత్రం ఒకటి చూసుకోండి. బ్లూరే డిస్కులకు ప్రాంతం కోడ్ ఉంటుంది, అమెరికాది ఎ, మన దేశానిది సి. ప్లేయర్ అన్ని కోడ్‌లూ చదివేదై ఉండాలి. నేను అది చూసుకోకుండా తెప్పించి, డిస్కు పెట్టగానే తెర మీద ఎర్రర్ వచ్చేసరికి ప్లేయర్ పాడైందనుకుని ఒకరోజంతా టెన్షన్ పడ్డాను.

భాష దగ్గర చాలామంది ఇంగ్లిష్ డబ్బింగ్ వైపు మొగ్గుతారు. నా సలహా చెక్ మాటలూ, ఇంగ్లిష్ సబ్‌టైటిళ్ళూ. చదవడం రాని పిల్లలుంటే సబ్‌టైటిళ్ళను మీరే తెలుగులో చెప్పండి. ‘జర్నీ’లో మాటలు తక్కువ, చెప్పడం తేలిక. మా ఇంట్లో ఆ పని నానమ్మది. మామత్‌ను ఆమె “బొచ్చు ఏనుగు” అంది. మా పిల్లలిద్దరికీ ఇప్పటికీ అదే పేరు. బారన్‌లో మాటలు ఎక్కువ, ఒకరే చెప్పుకుంటూ పోతే అలిసిపోతారు. పిల్లలు సొంతంగా చదవగలిగే వయసు వచ్చాక అది పెట్టుకుంటే మేలు.

యూరప్‌లో ఉన్న మనవాళ్ళు ప్రాగ్ వెళ్ళినప్పుడు చార్ల్స్ వంతెనకు దగ్గర్లోనే జెమన్ మ్యూజియం ఉంటుంది, 2012లో తెరిచారు. ఆ ట్రిక్కుల్లో కొన్నిటిని అక్కడ పిల్లలే చేసి చూడొచ్చు. కాకపోతే వెళ్ళేముందు కనీసం ఒక సినిమా చూసి వెళ్ళండి. చూడకుండా వెళితే అవి ఉత్త నమూనాలుగానే కనిపిస్తాయి, చూసి వెళితే ప్రతి మూలా గుర్తుపడతారు.

ఇక మీ ఇంటి సంగతి

చిన్నపిల్లలున్న ఇల్లయితే ‘జర్నీ’, సింద్‌బాద్, ఆ తర్వాత ‘ఎయిర్‌షిప్’. మూడింటి మధ్య నెలో రెండు నెలలో ఎడం ఉంచండి, వరుసగా వేస్తే పిల్లలకు అన్నీ కలగలిసిపోతాయి. పది దాటినవాళ్ళుంటే బారన్‌తో మొదలుపెట్టి ‘ఇన్వెన్షన్’కు రండి. బారన్‌లో గీసిన లోకంలో మనుషులు తిరగడం అలవాటైతే ‘ఇన్వెన్షన్’లో ఆ నెమ్మది ఇబ్బంది పెట్టదు. పిల్లలు లేకుండా పెద్దవాళ్ళే చూసేటట్టయితే బారన్, ‘జెస్టర్’, ‘క్రబాత్’ వరసలో చూడమంటాను. వెన్నెల నుంచి చీకటికి వెళ్ళే దారి అది. బొమ్మలేసేవాళ్ళు, యానిమేషన్ నేర్చుకునేవాళ్ళు మాత్రం ‘ఇన్‌స్పిరేషన్’ చూసి అదే రోజు ‘ఇన్వెన్షన్’ చూడాలి. పెన్సిల్ పక్కన పెట్టుకుని, ఆపుకుంటూ చూడాలి.

మా ఇంట్లో అందరం కలిసి చూడాల్సినవాటిలో ‘క్రబాత్’ ఒక్కటే మిగిలింది. చిన్నమ్మాయికి డిసెంబరులో పన్నెండు నిండుతాయి. కాకుల సంగతి వాళ్ళక్క అప్పుడే చెప్పేసింది. భయమేస్తే మధ్యలో ఆపమని అడుగుతానంది, ఆపుతానని మాటిచ్చాను.